నలభై ఎనిమిది రూపాయల గుమాస్తా: శ్రీ దామోదరం సంజీవయ్య గారు

(ఫిబ్రవరి 14న మన సంఘ భవనంలో జరిగిన శ్రీ దామోదరం సంజీవయ్య గారి జయంతి సభలో చేసిన ప్రసంగ పాఠం. సభ్యుల కోరికపై ఈ ప్రత్యేక సంచిక కోసం రాసి ఇచ్చినది.)



నేను ఉపన్యాసకుణ్ణి కాను. ముప్ఫై ఆరేళ్ళు కాగితాలతో కాపురం చేసినవాణ్ణి. 1971లో ఎల్.డి.సి.గా చేరాను. డిపార్ట్‌మెంటు పరీక్షలు మెల్లగా పాసై, 2007లో సీనియర్ అసిస్టెంటుగానే రిటైరయ్యాను. మాట్లాడమని కార్యదర్శిగారు అడిగినప్పుడు, "అయ్యా, నాకు నోట్ ఫైలు రాయడం వచ్చు గాని మైకు ముందు నిలబడటం రాదు" అన్నాను. "అయితే నోట్ ఫైలే రాసుకొచ్చి చదవండి" అన్నారు. అందుకే ఈ కాగితాలు. పేజీ అంచున మార్జిను కూడా వదిలాను. పాత అలవాటు.

మొన్న సంక్రాంతికి మా మనవరాలు హైదరాబాదు నుంచి వచ్చింది. ఇంజనీరింగు చదువుతోంది. ఫిబ్రవరిలో సంజీవయ్యగారి గురించి మాట్లాడాలమ్మా అన్నాను. "సంజీవయ్య అంటే పార్కు కదా తాతయ్యా! హుస్సేన్ సాగర్ ఒడ్డున ఉంది, పెద్ద జాతీయ జెండా ఎగురుతుంటుంది" అంది. పిల్ల తప్పేమీ లేదు. మనం చెప్పలేదు, వాళ్ళకు తెలియలేదు. పార్కు వెనక ఒక మనిషి ఉన్నాడని, ఆ మనిషి మన కర్నూలు సీమవాడని, మనలాగే ఒకప్పుడు గుమాస్తా అని ఆ రాత్రి కూర్చోబెట్టి చెప్పాను. అదే ఈ రోజు మీకూ చెబుతాను. దాంతోపాటు నా సొంత సంగతి ఒకటి ఉంది. యాభై ఏళ్ళుగా ఎవరికీ చెప్పనిది. అది చివర చెబుతాను.

సంజీవయ్యగారు 1921 ఫిబ్రవరి 14న కర్నూలుకు దగ్గరలోని పెద్దపాడులో పుట్టారు. దళిత కుటుంబం. సొంత పొలం లేదు. కూలినాలి మీద బతుకు. ఆయన పుట్టిన కొద్ది రోజులకే తండ్రి పోయారు. తల్లి సుంకులమ్మగారు బిడ్డలను సాకింది. కొంతకాలం మేనమామ అండన పాలకుర్తిలో ఉన్నారు. పశువులు కాసిన పిల్లవాడు. ఆ కాలంలో అలాంటి ఇంటి పిల్లవాడు బడి గడప తొక్కడమే గొప్ప. ఈయన గడప తొక్కి ఊరుకోలేదు. కర్నూలు మునిసిపల్ హైస్కూల్లో చదివి 1938లో ఎస్సెస్సెల్సీ పూర్తి చేశారు. అనంతపురం దత్తమండల కళాశాలలో చేరి బి.ఏ. పట్టా తీసుకున్నారు. లెక్కల్లో దిట్ట. తెలుగు పద్యమంటే ప్రాణం.

తర్వాత ఉద్యోగం. ఇక్కడే మనకు ఆయన చుట్టమయ్యారు. 1942లో కర్నూలు రేషనింగు ఆఫీసులో గుమాస్తాగా చేరారు. జీతం నెలకు 48 రూపాయలు. రెండో ప్రపంచ యుద్ధం నడుస్తున్న రోజులు. బియ్యానికి, కిరసనాయిలుకు, గుడ్డకు కటకట. రేషనింగు గుమాస్తా బల్ల ముందు ఎలాంటి జనం నిలబడి ఉంటారో మీరూ నేనూ ఊహించగలం. కార్డులో పేరు తప్పు పడ్డవాళ్ళు, ఇంట్లో తలలెన్నో లెక్క కుదరనివాళ్ళు, పొద్దున వచ్చి సాయంత్రం దాకా అరుగుమీద కూర్చున్నవాళ్ళు. ఆయన ఆ బల్లకు ఇవతల కూర్చున్నారు గాని, పుట్టింది మాత్రం అవతల నిలబడే ఇంట్లో. రెండు వైపులా తెలిసిన గుమాస్తా ఆయన.

ఆ తర్వాత మరో ఉద్యోగంలో కొంతకాలం బళ్ళారిలో ఉన్నారు. ప్రభుత్వోద్యోగం, నెలనెలా జీతం. ఆ ఇంటికి అదే స్వర్గం. అయినా అది వదులుకుని 1946లో మద్రాసు లా కాలేజీలో చేరారు. చేతిలో డబ్బు లేదు. ఒక హైస్కూల్లో పిల్లలకు లెక్కలు చెబుతూ, ఆ జీతంతో తను లా చదివారు. మనలో ఎందరం సాయంత్రం కాలేజీల్లో డిగ్రీలు చేశామో మనకు తెలుసు. పగలంతా పనిచేసి రాత్రి పుస్తకం తెరిస్తే కళ్ళు ఎలా మూతలు పడతాయో ఇంకొకరు చెప్పనక్కరలేదు.

1950లో తాత్కాలిక పార్లమెంటులో సభ్యులయ్యారు. 1952 మొదటి సార్వత్రిక ఎన్నికల్లో మద్రాసు శాసనసభకు మన జిల్లా నుంచి ఎన్నికయ్యారు. రాజాజీ గారి మంత్రివర్గంలో మంత్రి కూడా అయ్యారు. వయసు 31. శాసనసభలో తలలు నెరిసిన మహామహులు కూర్చున్న రోజులవి. జమీందార్లు, పేరుమోసిన వకీళ్ళు, పదేసిసార్లు జైలుకెళ్ళొచ్చిన స్వాతంత్ర్య యోధులు. వాళ్ళ మధ్య పెద్దపాడు కుర్రవాడు.

ఆ ఏడు రాయలసీమలో కరువు. గంజి కేంద్రాల ముందు మనుషులు చెంబులు పట్టుకుని నిలబడేవారని మా అమ్మ చెప్పేది. నాకు అప్పటికి మూడేళ్ళు. నన్ను చంకన వేసుకుని ఆ వరసలో తనూ నిలబడిందట. ఆ కరువు జిల్లాకు ప్రతినిధిగా ఆయన మద్రాసులో కూర్చున్నారు.

1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది. కర్నూలు రాజధాని అయింది. కచేరీలకు కట్టడాలు చాలక గుడారాలు వేసి పని నడిపించారు. ఇక్కడున్న పెద్దవాళ్ళలో ఒకరిద్దరి తండ్రులు ఆ గుడారాల్లో పనిచేసిన సంగతి నాకు తెలుసు. గాలి వస్తే కాగితాల మీద రాళ్ళు పెట్టుకునేవారట. ప్రకాశం పంతులుగారి మంత్రివర్గంలో సంజీవయ్యగారు మంత్రి. 1955 ఎన్నికల తర్వాత బెజవాడ గోపాలరెడ్డిగారి మంత్రివర్గంలోనూ, 1956లో ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డాక నీలం సంజీవరెడ్డిగారి మంత్రివర్గంలోనూ మంత్రే. ముఖ్యమంత్రులు మారారు, రాజధానులు మారాయి, రాష్ట్రం పేరే మారింది. ఈయన మాత్రం కొనసాగారు. పని తెలిసిన మనిషిని సీటునుంచి కదపరని మనకు ఒక సామెత లాంటి మాట ఉండేది కదా, అలాగే.

1960లో సంజీవరెడ్డిగారు అఖిల భారత కాంగ్రెసు అధ్యక్షులుగా వెళ్ళారు. జనవరి 11న సంజీవయ్యగారు ముఖ్యమంత్రి అయ్యారు. ముప్ఫై తొమ్మిది ఇంకా నిండలేదు. మన దేశంలో ఒక దళితుడు ముఖ్యమంత్రి కావడం అదే మొదలు.

ఆ వార్త వచ్చిన రోజు నాకు బాగా జ్ఞాపకం. నేను ఐదో తరగతి. మా నాన్న బోర్డు స్కూలు టీచరు. రచ్చబండ దగ్గర ఆంధ్రపత్రిక చదివి వినిపించడం ఆయన పని. ఆ రోజు చదవడం అయ్యాక అరుగుమీద కొందరు మౌనంగా లేచిపోయారు. కొందరు పెదవి విరిచారు. దూరంగా, కింద నిలబడి వింటున్న ఇద్దరు ముగ్గురు మాత్రం "ఇంకోసారి సదువు సామీ" అన్నారు. మా నాన్న మళ్ళీ చదివాడు. ఇంటికొచ్చాక నాతో ఒకే మాట అన్నాడు: "రేషను ఆఫీసులో గుమాస్తా చేసిన మనిషిరా. చదువుకో." ఆ మాటే పట్టుకుని నేను గుమాస్తా దాకా వచ్చాను. ముఖ్యమంత్రిని కాలేకపోయాను, అది వేరే సంగతి.

ఆయనకు సొంత వర్గం లేదు కాబట్టే పెద్ద వర్గాలు రాజీపడి ఆ కుర్చీలో కూర్చోబెట్టాయని చెబుతారు. అందులో నిజం లేకపోలేదు. మంత్రివర్గంలో తనకంటే పెద్దవాళ్ళు, బలవంతులు. వెనక కులబలం లేదు, ధనబలం లేదు. అయినా ఉన్న రెండేళ్ళ రెండు నెలల్లో చేసిన పనులు చూడండి.

మొదటిది, వృద్ధాప్య పింఛను. దిక్కులేని ముసలివాళ్ళకు ప్రభుత్వం నెలనెలా ఇంత డబ్బు ఇవ్వాలన్న పథకం మన రాష్ట్రంలో ఆయన హయాంలోనే మొదలైంది. దీని గురించి జనం ఒక కథ చెప్పుకుంటారు. కొడుకు ముఖ్యమంత్రి అయినా తల్లి పెద్దపాడులోనే కట్టెల పొయ్యి ఊదుకుంటూ ఉండేదట. ఆయన ఊరికి వచ్చి ఖర్చులకని డబ్బు చేతిలో పెడితే, "నాకు నువ్వున్నావు, ఇస్తివి. కొడుకు లేని ముసలోళ్ళకు ఎవరిస్తారు?" అని అర్థం వచ్చేలా అడిగిందట. రికార్డు చూడని మాటను రికార్డుగా చెప్పడం మన వృత్తిధర్మం కాదు. అందుకే జనం మాటగానే చెబుతున్నాను. అయితే పథకం మాత్రం రికార్డే. ఆ తర్వాత ఎన్ని ప్రభుత్వాలు మారినా, పేరు మారినా, మొత్తం పెరిగినా, ఆ మొలక పీకేసిన ప్రభుత్వం లేదు. ఆంధ్రప్రదేశ్‌లో 2024 జూలై నుంచి ఆ పింఛను నెలకు 4,000 రూపాయలు. ఒకటో తేదీన ఇంటి గుమ్మం దగ్గరికి తెచ్చి ఇస్తున్నారు.

రెండోది, మనవాళ్ళకు నచ్చినా నచ్చకపోయినా చెప్పాలి. 1961 జనవరి 2న అవినీతి నిరోధక శాఖ ప్రత్యేక శాఖగా ఏర్పడింది. ఏసీబీ పేరు చెబితే మన కచేరీల్లో ఎలాంటి కబుర్లు నడిచేవో మీకు గుర్తుండే ఉంటుంది. గుమాస్తాగా చేసిన ముఖ్యమంత్రే గుమాస్తాల మీద నిఘా పెట్టాడని కొందరు సీనియర్లు నిష్ఠూరంగా అనేవారు. నా ఉద్దేశంలో, గుమాస్తాగా చేశారు కాబట్టే అది అవసరమని ఆయనకు తెలిసింది. బల్లకు అవతల నిలబడ్డవాడి జేబులో ఎంత ఉంటుందో, ఇవతల ఉన్నవాడికి ఎంత ఆశ ఉంటుందో రెండూ తెలుసు.

మూడోది, బంజరు భూములు. లేనివాళ్ళకు ప్రభుత్వ భూమి పట్టాలివ్వడం పెద్ద ఎత్తున సాగింది. ఆరు లక్షల ఎకరాలని ఆయన జీవితం రాసినవాళ్ళు చెబుతారు. 1960లోనే హైదరాబాదు, సికింద్రాబాదు కార్పొరేషన్లు రెండూ కలిసి ఒకటయ్యాయి. మన జిల్లాలో హంద్రీ మీద గాజులదిన్నె జలాశయానికి ఈనాడు సంజీవయ్య సాగర్ అని పేరు. కోడుమూరు వైపు వెళ్ళినప్పుడు పిల్లలకు చూపించండి.

1962 ఎన్నికల తర్వాత మార్చి 12న సంజీవరెడ్డిగారు మళ్ళీ ముఖ్యమంత్రి అయ్యారు. రెండేళ్ళ పాలన బాగుందా లేదా అన్నది ఎవరూ అడగలేదు. కూర్చోబెట్టిన చేతులే లేపాయి. అయితే ఆయన అలిగి ఇంట్లో కూర్చోలేదు. అదే సంవత్సరం అఖిల భారత కాంగ్రెసు అధ్యక్షులయ్యారు. ఆ పదవికీ ఆయనే మొదటి దళితుడు. 1964లో లాల్ బహదూర్ శాస్త్రిగారి మంత్రివర్గంలో కేంద్ర కార్మిక మంత్రి. 1965లో బోనస్ చెల్లింపు చట్టం వచ్చింది ఆయన మంత్రిగా ఉన్నప్పుడే. కంపెనీకి లాభం వచ్చినా రాకపోయినా కార్మికుడికి కనీసం 4 శాతం, గరిష్ఠం 20 శాతం అని ఆ చట్టం అప్పట్లో నిర్ణయించింది. అంతవరకు యజమాని దయ అనుకున్నది కార్మికుడి హక్కు అయింది.

1970లో మళ్ళీ ఆయనే కార్మిక మంత్రి. ప్రావిడెంటు ఫండు ఉన్న కార్మికుడు సర్వీసులో చనిపోతే భార్యాబిడ్డలకు నెలనెలా పింఛను వచ్చే కుటుంబ పింఛను పథకం 1971 మార్చి 1న అమలులోకి వచ్చింది. ఫ్యాక్టరీల్లో, కంపెనీల్లో పనిచేసి పోయినవాళ్ళ భార్యలు మన వీధుల్లో ఎంతమంది ఆ పింఛనుతో పరువుగా బతికారో లెక్క వేయండి.

1972 మేలో ఢిల్లీలో ఆయన గుండెపోటుతో పోయారు. అప్పుడు కాంగ్రెసు అధ్యక్షులుగా ఉన్నారు. 51 ఏళ్ళు. మనం రిటైరయ్యే వయసు కూడా రాలేదు. నేను ఉద్యోగంలో చేరి ఏడాది. కచేరీలో రేడియో లేదు. ఎదురుగా ఉన్న హోటలు రేడియోలో విని బంట్రోతు వచ్చి చెప్పాడు. 2008లో తపాలా శాఖ ఆయన బొమ్మతో స్టాంపు వేసింది. విశాఖపట్నంలోని న్యాయ విశ్వవిద్యాలయానికి, నెల్లూరు జిల్లాలోని థర్మల్ విద్యుత్ కేంద్రానికి ఆయన పేరు పెట్టారు. మంచిదే. కాని నా లెక్కలో ఆయన స్మారకం వాటిలో లేదు. ఒకటో తేదీన వేలిముద్ర వేసి నోట్లు కొంగున ముడి వేసుకునే ముసలమ్మ దగ్గర ఉంది.

ఇక నా సంగతి.

1975లో మా తాలూకా కచేరీలో నాకు వృద్ధాప్య పింఛన్ల సీటు ఇచ్చారు. ఏ తాలూకా అన్నది ఇక్కడ అనవసరం. ఆ సీటు ఎవరికీ ఇష్టం ఉండేది కాదు. పై రాబడి లేని సీటని కొందరు, ముసలివాళ్ళ గోల అని కొందరు తప్పించుకునేవారు. నేను సంతోషంగానే తీసుకున్నాను. నాకు ఒక గర్వం ఉండేది: నేను ఎవరి దగ్గరా పైసా ముట్టను. మా నాన్న చెప్పిన సంజీవయ్యగారి ప్రాంతంవాణ్ణి, ఆయన పెట్టిన పథకం చూసే గుమాస్తాను. చేయి చాచకూడదు. అంతే నా నియమం.

దూరపు పల్లె నుంచి ఒక అవ్వ దరఖాస్తు పెట్టుకుంది. భర్త లేడు, బిడ్డలు లేరు. దరఖాస్తు వరసగా కరణం రిపోర్టుకు వెళ్ళి తిరిగి వచ్చింది. చూస్తే దరఖాస్తులో ఉన్న ఇంటిపేరుకు, కరణం రాసిన ఇంటిపేరుకు ఒక అక్షరం తేడా. నేను కొర్రీ వేశాను. ఇద్దరూ ఒకరేనని ధ్రువీకరించి పంపవలసిందని రాసి కాగితం వెనక్కి పంపాను. రూలు ప్రకారం తప్పు లేదు. ఆ కాగితం ఊరికి చేరి, అక్కడ మూలపడి, మళ్ళీ రావడానికి నెలలు పట్టింది. వచ్చాక వయసు ధ్రువీకరణ చాలదని ఇంకో కొర్రీ. రెండు కొర్రీలూ మొదటిసారే కలిపి వేయవచ్చు. వేయలేదు. మొదటిసారి కాగితం పూర్తిగా చదవలేదు గనుక.

ఆ అవ్వ నాలుగుసార్లు కచేరీకి వచ్చింది. ఊరినుంచి రోడ్డు దాకా నడక, అక్కడినుంచి బస్సు. వచ్చినప్పుడల్లా గడప అవతలే నిలబడేది. "నాయనా, నా కాయితం యాడికొచ్చె?" అనేది. "వస్తుంది అవ్వా, వచ్చే వారం రా" అనేవాణ్ణి. తల ఎత్తి చెప్పానో లేదో కూడా గుర్తులేదు. నాలుగోసారి వచ్చినప్పుడు కొంగులో కట్టుకొచ్చిన చెనిక్కాయలు నా బల్లమీద పెట్టింది. నాకు కోపం వచ్చింది. "ఇలాంటివి మేం తీసుకోం. తీసెయ్" అన్నాను. పక్క సీట్లవాళ్ళకు వినపడేలా అన్నాను. నా నిజాయితీ నలుగురికీ తెలియాలి కదా. "లంచం గాదు నాయనా, కూలికి పోతే ఇచ్చినారు. నువ్వు పిల్లోనివి, తింటావని తెస్తి" అంది. మళ్ళీ ఒక్కొక్క కాయా ఏరుకుని కొంగులో వేసుకుంది. వణికే చేతులు. చాలాసేపు పట్టింది. నేను ఫైలు చూస్తున్నట్టు నటించాను.

చివరికి మంజూరైంది. మనీయార్డరు పంపాను. పదిహేను రోజులకు అది వాపసు వచ్చింది. తీసుకోవలసిన మనిషి చనిపోయిందని పోస్టుమాను రాశాడు. నేను రిజిస్టరు తీసి, ఎర్రసిరాతో గీత కొట్టి, "మరణించినందున రద్దు" అని రాసి, ఎల్.డిస్. వేసి, కాగితం రికార్డు గదికి పంపాను. ఆ రోజు అయిదున్నరకు మామూలుగానే ఇంటికి వెళ్ళాను. అన్నం తిన్నాను. అది తలచుకుంటేనే ఇప్పుడు బాధ.

నేను లంచం తీసుకోలేదు. ఏసీబీవాళ్ళు వచ్చి నా జేబులు వెతికినా, చేతులు కడిగించి రంగునీళ్ళు చూసినా ఏమీ దొరకదు. కాని ఆ అవ్వకు రావలసిన నెలలు ఎవరు తిన్నారు? ఆమె బతికి ఉండగా ఒక్క నెల డబ్బు అయినా చేతికి అందితే ఏం చేసేదో, ఒక పూట ఏమి తినేదో. సంజీవయ్యగారు పై నుంచి దించిన నీళ్ళు కాలువ చివర నా బల్ల దగ్గర ఆగిపోయాయి. చేయి చాచకపోవడం ఒక్కటే నిజాయితీ కాదు, చేయి కదపకపోవడం కూడా అవినీతేనని నాకు తెలిసేసరికి చాలా ఆలస్యమైంది.

అప్పటినుంచి ఒక పద్ధతి పెట్టుకున్నాను. ఏ కాగితం వచ్చినా మొదటి రోజే ఆసాంతం చదవడం, లోపాలన్నీ ఒకే కొర్రీలో రాయడం, మనిషి ఎదురుగా ఉంటే కూర్చోబెట్టి అక్కడే సరిచేయించడం. చిన్న పనే. రిటైరయ్యే రోజు దాకా చేశాను. దానితో ఆ అవ్వ బాకీ తీరిందని మాత్రం అనుకోవడం లేదు.

ఈ సంగతి ఇన్నేళ్ళకు ఎందుకు బయట పెడుతున్నానంటే, కిందటేడు నాకు ఒక అనుభవం జరిగింది. లైఫ్ సర్టిఫికెట్ ఇవ్వడానికి ఒక కౌంటరు దగ్గరికి వెళ్ళాను. నా వేలిముద్ర మిషను తీసుకోలేదు. బొటనవేలు, చూపుడువేలు, ఎడమ, కుడి, అన్నీ పెట్టించారు. ముప్ఫై ఆరేళ్ళు కాగితాలు తిప్పి గీతలు అరిగిపోయాయేమో. అక్కడి కుర్రవాడు మంచివాడే. సెల్‌ఫోను చూసుకుంటూ, "సర్వరు కూడా సరిగా లేదు తాతా, వచ్చే వారం రా" అన్నాడు. నా మాటే. నా గొంతే. యాభై ఏళ్ళు తిరిగి నా దగ్గరికే వచ్చింది. గడప అవతల నిలబడ్డది ఈసారి నేను. నా వెనక వరసలో ఒక ముసలామె ఉంది. ఆమెకూ అదే మాట. రెండోసారి వెళ్ళినప్పుడు కంటిపాపతో పని అయింది. నాకు ఆటో ఖర్చుకు డబ్బుంది, నలుగురిని అడిగే నోరుంది, వెనక మీ అందరి సంఘం ఉంది. ఆమెకు ఏముంది?

పింఛను ఒకరు వేసే భిక్ష కాదని, హక్కని 1982 డిసెంబరు 17న నకారా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఏటా ఆ రోజున పెన్షనర్ల దినం జరుపుకుంటాం, దండలు వేసుకుంటాం, కరువు భత్యం బకాయిల కోసం తీర్మానాలు చేస్తాం. చేయాలి. మన హక్కు మనం అడగాలి. కాని అదే మాట వీధిచివర ముసలామెకు కూడా వర్తిస్తుందని మనం ఎన్నిసార్లు అనుకున్నాం? మనది పింఛను, ఆమెది సాయం అనుకుంటాం. సంజీవయ్యగారు అలా అనుకుని ఉంటే ఆ పథకమే పుట్టేది కాదు. ఆ పెద్దమనిషి తన తల్లి పొయ్యి దగ్గరనుంచి పరాయి తల్లుల పొయ్యి దగ్గరకు ఆలోచించారు. అంత చిన్న వయసులో ఆయనకు తట్టిన ఆలోచన మనకు డెబ్బై దాటాక అయినా తట్టాలి కదా.

అందుకని అధ్యక్షులవారి అనుమతితో ఒక ప్రతిపాదన. మన సంఘ భవనం బుధవారాలు పొద్దున పది నుంచి పన్నెండు దాకా ఖాళీగానే ఉంటుంది. ఆ రెండు గంటలు నేను ఇక్కడ కూర్చుంటాను. ఒక బల్ల, రెండు కుర్చీలు, కొన్ని తెల్లకాగితాలు చాలు. వృద్ధాప్య పింఛను, వితంతు పింఛను, ఆధార్‌లో పేరు తప్పు, బ్యాంకు ఖాతాలో అక్షరం తేడా, ఏది ఉన్నా వచ్చినవాళ్ళకు దరఖాస్తు రాసిపెడతాను. రుసుము లేదు. మన సభ్యుల్లో రెవెన్యూ తెలిసినవాళ్ళు, ట్రెజరీ తెలిసినవాళ్ళు, పంచాయతీరాజ్ తెలిసినవాళ్ళు ఉన్నారు. ఏ కాగితం ఎక్కడ ఆగుతుందో మనకంటే బాగా ఎవరికి తెలుసు? ఆపిన చేతులే కదా మనవి. ఇంకో ఇద్దరు తోడు వస్తే సంతోషం. సెల్‌ఫోను బాగా తెలిసిన మనవడో మనవరాలో సెలవుల్లో వచ్చి కూర్చుంటే మరీ సంతోషం. ఆన్‌లైను పని వాళ్ళు చూస్తారు, అర్జీ భాష మనం చూస్తాం.

ఒక షరతు. వచ్చినవాళ్ళను నిలబెట్టకూడదు. రెండో కుర్చీ వాళ్ళకోసమే.

ఇంకొకటి కూడా చెప్పి ముగిస్తాను. ఈ ప్రసంగం రాసుకున్న రాత్రి మా ఆవిడకు చదివి వినిపించాను. ఆ అవ్వ సంగతి ఆమెకూ ఇన్నాళ్ళు చెప్పలేదు. విని చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత, "ఆ చెనిక్కాయలు నాలుగు నోట్లో వేసుకుని ఉంటే ఏం పోయేది?" అంది. నిజమే. ఏమీ పోయేది కాదు.



(సభ అనంతరం ఈ ప్రతిపాదనను కార్యవర్గం ఆమోదించింది. బుధవారం బల్ల మొదలైంది. సాయపడదలచిన సభ్యులు కార్యదర్శిగారికి పేర్లు ఇవ్వగలరు.)